బ్రయాన్ గ్లోవర్

బ్రయాన్ గ్లోవర్ (1934–1997) ఇంగ్లండుకు చెందిన క్యారెక్టర్ నటుడు, నాటక రచయిత. అంతకుముందు బడిపంతులు, కుస్తీ యోధుడు. బట్టతల, బండ శరీరం, యార్క్‌షైర్ యాసతో శ్రామిక వర్గపు పాత్రలకు పెట్టింది పేరయ్యాడు.

షెఫీల్డ్‌లో పుట్టి, బొగ్గుగనుల ఊరైన బార్న్‌స్లీలో పెరిగాడు. తండ్రి కూడా కుస్తీ పట్టేవాడే. షెఫీల్డ్ విశ్వవిద్యాలయంలో చదువుకుంటూ ఖర్చులకోసం తానూ బరిలోకి దిగాడు. పారిస్ నుంచి వచ్చిన లియన్ ఆరస్ అని చెప్పుకుని పోటీలాడేవాడు. పగలు పిల్లలకు ఇంగ్లిషు, ఫ్రెంచి పాఠాలు చెప్పి, రాత్రిళ్లు కుస్తీ పట్టిన రోజులూ ఉన్నాయి.

తోటి ఉపాధ్యాయుడు బారీ హైన్స్ రాసిన నవలను కెన్ లోచ్ ‘కెస్’ (1969) పేరుతో సినిమాగా తీస్తున్నప్పుడు, హైన్స్ సూచనతోనే గ్లోవర్‌కు వ్యాయామ ఉపాధ్యాయుడు సగ్డెన్ వేషం దక్కింది. నటనలో ఏ శిక్షణా లేదు. మైదానంలో పిల్లలు చలికి వణుకుతుంటే సగ్డెన్ ఎర్ర జెర్సీ తొడుక్కుని తానే ఫుట్‌బాల్ తార బాబీ చార్ల్‌టన్‌నని ఊహించుకుంటాడు. రిఫరీ కూడా తనే కనుక తనకు తానే పెనాల్టీ ఇచ్చుకుంటాడు. గోలీ ఆపేస్తే, వాడు ముందే కదిలాడంటూ మళ్లీ కొడతాడు. ఇక్కడిదాకా నవ్వొస్తుంది. ఆట ఓడిన కోపంలో బిల్లీ అనే బక్కపిల్లవాడిని చన్నీళ్ల షవరు కింద నిలబెట్టినప్పుడు మాత్రం ఆ నవ్వు గొంతులోనే ఆగిపోతుంది. గ్లోవర్ చేసిన వేషాలన్నిటిలో ఇదే మిన్న. తరగతి గదిలో ఏళ్లు గడిపినవాడు కాబట్టే ఆ నిరంకుశుడు అంత నిజంగా పలికాడు.

తర్వాత పంతులు ఉద్యోగానికి స్వస్తి చెప్పాడు. బీబీసీ హాస్య ధారావాహిక ‘పోరిడ్జ్’లో మందబుద్ధి ఖైదీ హెస్లప్ వేశాడు. ‘యాన్ అమెరికన్ వేర్‌వుల్ఫ్ ఇన్ లండన్’ (1981)లో పల్లెటూరి పబ్బులో చదరంగం ఆడుతూ అందరినీ నవ్వించే మనిషి అతనే. ‘ఏలియన్ 3’ (1992)లో జైలు అధికారి ఆండ్రూస్. భోజనశాలలో ఖైదీలను గద్దిస్తుండగానే పైకప్పులోంచి వచ్చిన గ్రహాంతర జీవి అతన్ని ఎగరేసుకుపోతుంది. టెట్లీ టీ ప్రకటనల్లో కార్టూన్ మేస్త్రీకి గొంతు అతనిదే.

ఒకే అచ్చులో పోసిన పాత్రలు అతనికి ఇచ్చేవారన్న మాట నిజమే. కానీ ఆ అచ్చును అతను ఎంతవరకు సాగదీశాడో కవి టోనీ హారిసన్ నాటకం ‘ది మిస్టరీస్’ చూపింది. మధ్యయుగాల్లో చేతిపనివారి సంఘాలు ఆడిన బైబిలు నాటకాలను హారిసన్ ఉత్తరాది యాసలో తిరగరాయగా, నేషనల్ థియేటర్ ప్రదర్శనలో గ్లోవర్ సాక్షాత్తు దేవుడయ్యాడు. ఫోర్క్‌లిఫ్ట్ బండి ఎక్కి, ఆకాశంనుంచి మాట్లాడినట్టు, అదే బార్న్‌స్లీ గొంతుతో సృష్టికి ఆజ్ఞలిచ్చాడు.

రంగస్థలానికి, టీవీకి నాటకాలు కూడా రాశాడు. మెదడులో కణితి కారణంగా 1997 జులై 24న మరణించాడు. సమాధి లండన్‌లోని బ్రాంప్టన్ శ్మశానవాటికలో ఉంది.