కైలాస్ వేషం కట్టిన కరీంనగర్ మనిషి

హైదరాబాద్ జీడిమెట్ల కంపెనీల్లో షిఫ్టులు చేసే మనవాళ్లకు బొంబాయి గురించి ఒక్క కథే చెప్పమంటే, నేను సినిమా నటుడు పైడి జైరాజ్ కథ చెబుతాను. నేను వచ్చి స్థిరపడ్డ ఈ బొంబాయిలో తెలంగాణ చెమట ఎంతుందో ఆయన వెంట నడిస్తే తెలుస్తుంది.

1909లో కరీంనగర్‌లో పుట్టారు. సరోజినీ నాయుడికి బంధువు. నిజాం కాలేజీలో చదివి, 1929 ప్రాంతంలో బొంబాయి చేరారు. అప్పటికే మనవాళ్లు ఇక్కడ ఎప్పటినుంచో ఉన్నారు. రాళ్లు మోసి గోడలు లేపిన కామాఠీల పేరే కామాఠీపురకు మిగిలింది. మగ్గం వదిలి వచ్చిన పద్మశాలీలు వర్లీ చాళ్లలో కాపురం పెట్టి బట్టల మిల్లుల్లో చేరారు. ఊరు మాత్రం కుతకుతలాడుతోంది. 1928లో మిల్లు కార్మికులు ఆరు నెలలు సమ్మె చేశారు. మరుసటి ఏడు వాళ్ల నాయకులను మీరట్ కుట్ర కేసులో పట్టుకెళ్లారు.

సినిమాలింకా మూకీలే. మనిషి దిట్టంగా ఉండి, కత్తి పట్టి నిలబడితే చాలు, నీది ఏ భాష అని అడిగేవాడు లేడు. 1931లో ఆలం ఆరాతో టాకీ వచ్చేసరికి వెలుగుతున్న తారలే తడబడ్డారు. సులోచనగా పేరుపొందిన రూబీ మేయర్స్ అంతటావిడ హిందుస్తానీ నేర్చుకోవడానికి కొంతకాలం ఆగాల్సి వచ్చింది. జైరాజ్‌కు ఆ గండం లేకపోయింది. హైదరాబాద్ ఉర్దూయే ఆయన్ను గట్టెక్కించిందని నా నమ్మకం.

1934లో మోహన్ భవ్నానీ మజ్దూర్ అనే సినిమా తీశారు. కథ హిందీ రచయిత ప్రేమ్‌చంద్‌ది. ఆయన కాసేపు తెరమీద కూడా కనబడ్డారు. మిల్లు యజమాని పోయాక కొడుకు తాగి తందనాలాడుతూ కూలీలను పీడిస్తాడు. కూతురు పద్మ కూలీల పక్షాన నిలుస్తుంది. చదువుకుని, పని దొరక్క ఆ మిల్లులోనే చేరి, సమ్మెకు ముందు నిలిచే కైలాస్ వేషం జైరాజ్‌ది. తెలంగాణ నేతకారులు పనిచేసే ఊళ్లో, తెలంగాణ మనిషి వేసిన కార్మికుడి వేషం! సెన్సారు బోర్డులో మిల్లు యజమానుల సంఘం పెద్ద ఒకరు సభ్యుడు. ఇంకేముంది, బొంబాయిలో బొమ్మ ఆడనివ్వలేదు. లాహోర్, ఢిల్లీల్లో కొన్నాళ్లు ఆడాక అక్కడా ఆపేశారు. ఆ సినిమా ప్రేరణతో బెనారస్‌లో ప్రేమ్‌చంద్ సొంత ప్రెస్సు పనివాళ్లే జీతాల కోసం సమ్మెకు దిగారని చెప్పుకుంటారు. ఆ సినిమా ప్రింటు ఇవాళ ఎక్కడా లేదు. అది నాకు తీరని బాధ.

తర్వాత జైరాజ్ పృథ్వీరాజ్ చౌహాన్, అమర్‌సింగ్ రాథోడ్ వంటి వీరుల వేషాలతో నిలిచిపోయారు. తెలుగు సినిమా చేయకపోవడంతో మనకు దూరమయ్యారు. 1980కి ఫాల్కే అవార్డు వచ్చింది. ఆయన తెరమీద నడిపిన సమ్మె బొంబాయిలో మళ్లీ నిజంగానే జరిగింది: 1982 జనవరిలో కార్మిక నాయకుడు దత్తా సామంత్ వెంట రెండున్నర లక్షల మిల్లు కార్మికులు సమ్మెకు దిగారు. చాలా మిల్లులు మళ్లీ తెరుచుకోలేదు. అప్పటికి జైరాజ్‌కు 72 ఏళ్లు. 2000లో ఇక్కడే కన్నుమూశారు.

రవీంద్రభారతిలో ప్రివ్యూ థియేటర్‌కు ఆయన పేరు పెట్టారు, సంతోషం. జీడిమెట్లలో ఏ యూనియన్ ఆఫీసువాళ్లయినా గోడకు ఒక సినిమా నటుడి ఫోటో పెట్టాలనుకుంటే, జైరాజ్‌ది పెట్టమని అడుగుతాను.