న్యూజీలాండ్ చిలుకలు

న్యూజీలాండ్ చిలుకలు నైరుతి పసిఫిక్ మహాసముద్రంలోని ద్వీపదేశమైన న్యూజీలాండ్‌కు మాత్రమే చెందిన విలక్షణమైన పక్షులు. ఎగరలేని కాకాపో, మంచుకొండలలో తిరిగే కియా, అడవులలో నివసించే కాకా, చిన్నవైన కాకారికీలు వీటిలో ముఖ్యమైనవి. మరికొన్ని జాతులు అంతరించిపోగా, వాటి ఎముకలు మాత్రమే లభించినవి.

విలక్షణతకు కారణం

సుమారు 8 కోట్ల సంవత్సరాల క్రితం న్యూజీలాండ్ భూభాగం గోండ్వానా మహాఖండం నుండి విడిపోయినది. మానవులు రాకమునుపు అక్కడ గబ్బిలాలు తప్ప నేలపై జీవించే క్షీరదాలు లేవు. డేగల వంటి పక్షులే చిలుకలకు శత్రువులు. అందువలన నేలపై తిరగడం, తొర్రలలోను నేలమీది గుంటలలోను గుడ్లు పెట్టడం వాటికి ప్రమాదకరం కాలేదు. కాకాపో, కియా, కాకాలు ప్రపంచంలోని తక్కిన చిలుకల నుండి అతి ప్రాచీన కాలంలోనే వేరుపడిన శాఖకు చెందినవి. కాకారికీలు ఈ శాఖకు చెందవు.

కాకాపో

మావోరీ భాషలో "కాకా" అనగా చిలుక, "పో" అనగా రాత్రి. పేరుకు తగినట్లే ఇది నిశాచరి. ముఖం గుడ్లగూబను పోలి ఉంటుంది. చిలుకలన్నింటిలో బరువైనది ఇదే. మగపక్షి 4 కిలోల వరకు తూగగలదు. రెక్కలున్నను ఎగరలేదు, కాని చెట్లు చక్కగా ఎక్కగలదు.

సంతానోత్పత్తి కాలంలో మగపక్షులు ఎత్తైన చోట్ల నేలలో గుంటలు చేసుకొని, వాటిలో కూర్చుండి ఛాతీని ఉబ్బించి గంభీరమైన ధ్వని చేస్తాయి. ఈ ధ్వని కొన్ని కిలోమీటర్ల దూరం వినిపిస్తుంది. రిము వృక్షాలు విరివిగా కాసిన ఏడాదిలోనే, అనగా సాధారణంగా 2 నుండి 4 సంవత్సరాలకు ఒకసారి, ఇవి గుడ్లు పెడతాయి. పిల్లలను తల్లి ఒక్కటే పెంచుతుంది. మేతకు వెళ్ళిన రాత్రివేళ గూటికి కాపలా ఉండదు.

ప్రమాదం ఎదురైనపుడు కాకాపో కదలక నిలిచిపోతుంది. ఆకుపచ్చని ఈకలు పరిసరాలలో కలిసిపోవుటచే, చూపుతో వేటాడే డేగ నుండి ఈ ఉపాయం దానిని కాపాడినది. వాసనతో వేటాడే పిల్లులు, స్టోట్‌లు, ఎలుకల ముందు అదే దానికి మృత్యుకారణమైనది. కుందేళ్ళను అదుపు చేయుటకు 1880ల దశకంలో తెచ్చిన స్టోట్‌లు, ముంగిసల వలె సన్నని దేహం గల మాంసాహారులు, పక్షులకు తీరని నష్టం కలిగించినవి. రిచర్డ్ హెన్రీ అను సంరక్షకుడు 1890ల దశకంలో వందలాది కాకాపోలను రిజల్యూషన్ ద్వీపానికి తరలించెను. కాని 1900 నాటికి స్టోట్‌లు ఆ ద్వీపానికి కూడా ఈదుకొని చేరినవి.

1995 నాటికి 51 కాకాపోలు మాత్రమే మిగిలినవి. వీటిని శత్రుజంతువులు లేని ద్వీపాలకు తరలించి, అదనపు ఆహారమిచ్చి, గూళ్ళను కనిపెట్టి ఉండుట వలన 2022 నాటికి సంఖ్య 252కు చేరినది. ప్రధాన భూభాగం నుండి దొరికి సంతతిని మిగిల్చిన కాకాపో ఒక్కటే. ఫియర్డ్‌లాండ్‌లో 1975లో దొరికిన ఆ మగపక్షికి పైన చెప్పిన సంరక్షకుని పేరే పెట్టినారు. మిగిలినవన్నీ స్టీవర్ట్ ద్వీపపు పక్షుల సంతతి. అందువలన దగ్గరి బంధుత్వం గల పక్షుల కలయిక, పొదగని గుడ్లు నేటికీ పెద్ద సమస్యలు.

కియా

కియా దక్షిణ ద్వీపపు పర్వతాలలో నివసించే చిలుక. తెలివికి, కుతూహలానికి పేరు పొందినది. ఆగి ఉన్న కార్ల రబ్బరు పట్టీలను ముక్కుతో లాగివేయడం దీనికి అలవాటు. కొన్ని కియాలు గొర్రెల వీపుపై వాలి కొవ్వు తినుటచే ప్రభుత్వం వాటి తలకు వెల కట్టినది. ఒక శతాబ్దంలో సుమారు 1,50,000 కియాలు చంపబడినవని అంచనా. 1970లో పాక్షికంగాను, 1986లో పూర్తిగాను చట్టరక్షణ లభించినది. పాత ఇళ్ళకప్పుల సీసపు మేకులను కొరికి విషప్రభావానికి గురికావడం మరొక ప్రమాదం.

కాకా, కాకారికీలు

కాకా నాలుక చివర కుంచె వలె ఉంటుంది. దీనితో పూలతేనెను, బీచ్ చెట్ల బెరడుపై కీటకాలు స్రవించే తియ్యని ద్రవాన్ని నాకుతుంది. బయటినుండి వచ్చిన కందిరీగలు ఈ ఆహారంలో పోటీదారులైనవి. 2002 నుండి వెల్లింగ్టన్‌లోని కంచె గల అభయారణ్యంలో విడిచిపెట్టిన కాకాలు వృద్ధి చెంది నేడు నగరంలో తరచుగా కనిపిస్తాయి.

"కాకారికీ" అనగా మావోరీ భాషలో ఆకుపచ్చ రంగు కూడా. ఎరుపు, పసుపు, నారింజ వర్ణాల నుదురు గల జాతులున్నవి. నారింజ నుదురు గలది తీవ్ర ప్రమాదస్థితిలో ఉన్నది. చెట్లులేని ఆంటిపోడిస్ ద్వీపాలలోని కాకారికీ గడ్డి ఆకులతో పాటు చిన్న సముద్రపక్షులను కూడా చంపి తింటుంది. ఇది చిలుకలలో అరుదైన స్వభావం.

అంతరించిన చిలుకలు

చాతమ్ ద్వీపాల కాకా ఎముకల ద్వారా మాత్రమే తెలిసిన జాతి. దీనికి 2014లో శాస్త్రీయ నామం ఇవ్వబడినది. ఒటాగో ప్రాంతంలోని సెయింట్ బాథన్స్ వద్ద లభించిన కాలి ఎముకల ఆధారంగా 2019లో "హెరాక్లిస్ ఇనెక్స్‌పెక్టేటస్" అను జాతి వర్ణింపబడినది. సుమారు 1 మీటరు ఎత్తు, 7 కిలోల బరువు గల ఈ చిలుక దాదాపు 1.9 కోట్ల సంవత్సరాల క్రితం జీవించినది. ఇప్పటివరకు తెలిసిన చిలుకలలో ఇదే అతి పెద్దది.

సంరక్షణ

ఎలుకలు, స్టోట్‌లు, పోసమ్‌లను 2050 నాటికి దేశమంతటా నిర్మూలించాలని 2016లో న్యూజీలాండ్ ప్రభుత్వం లక్ష్యంగా ప్రకటించినది. 2023లో కొన్ని మగ కాకాపోలను ఉత్తర ద్వీపంలోని మౌంగటౌటరీ అభయారణ్యానికి తీసుకొనివచ్చినారు. ప్రధాన భూభాగపు అడవిలో కాకాపోలు తిరుగాడడం దశాబ్దాల తరువాత అదే మొదలు. శత్రుజంతువులు లేని నేల ఎంత పెరిగితే ఈ చిలుకలకు అంత చోటు లభిస్తుంది.