నేలపై పోరిన నావికుడు

విక్టోరియా రాణి కాలమున బ్రిటిష్ నౌకాదళమందు కీర్తి గడించిన వారిలో కెప్టెన్ విలియం పీల్ చరిత్ర కొంత విలక్షణమైనది. అతని పేరు నిలిచినది సముద్రముపై గాదు. క్రిమియాలోని మట్టిగోడల వెనుక, లక్నో తోటల నడుమ.

1824లో జన్మించిన పీల్, బ్రిటన్ ప్రధానమంత్రిగా నుండిన సర్ రాబర్ట్ పీల్ మూడవ కుమారుడు. 1838లో, పదమూడేండ్లకే ఓడ నెక్కెను. 1849 నాటికి కెప్టెన్ అయ్యెను. ఆ రోజులలో అంత త్వరగా పైకి వచ్చుటకు సామర్థ్య మొక్కటియే చాలదు, వంశబలమును కావలెను. పీల్‌కు రెండును గలవు.

రష్యాతో జరిగిన యుద్ధములో సెవాస్టపోల్ ముట్టడికై ఓడల ఫిరంగులను ఒడ్డునకు దించిరి. 1854 అక్టోబరు 18న వత్తి మండుచున్న గుండొకటి మందుపెట్టెల నడుమ వచ్చి పడగా, పీల్ దానిని చేతులతో ఎత్తి గోడ కావలికి విసరివైచెను. మరుసటి యేడు రెడాన్ కోటపై దాడిలో నిచ్చెనలు మోయు దళమును నడిపి చేతికి గాయము పొందెను. విక్టోరియా క్రాస్ మొట్టమొదట పొందినవారిలో అతడొకడు.

1857లో 'షానన్' అను ఆవిరియోడతో చైనా యుద్ధమునకు బయలుదేరినవాడు, సిపాయిల తిరుగుబాటు కారణముగా ఆగస్టులో కలకత్తా చేరెను. ఓడను హుగ్లీనదిలో విడిచి, నావికులతోను ఫిరంగులతోను గంగ వెంట అలహాబాదు పోయెను. సముద్రమునకై పోతపోసిన ఆ ఫిరంగులను అటుపై ఎద్దులు లాగినవి.

లక్నో రెసిడెన్సీలో చిక్కిన ఆంగ్లేయులను విడిపించుటకు సర్ కాలిన్ క్యాంబెల్ సేన నవంబరు 16న సికందర్ బాగును పట్టుకొనెను. అచ్చట సుమారు రెండువేలమంది సిపాయిలు హతులైరని ఆంగ్లేయుల లెక్క. ఆనాడే మధ్యాహ్నము, నవాబు గాజీఉద్దీన్ హైదర్ సమాధియైన షా నజఫ్ గోడకు కొద్ది గజముల దూరము వరకు పీల్ తన ఫిరంగులను నడిపించెను. శత్రునౌక ప్రక్కన తన నౌకను నిలిపినట్లే అతడు ప్రవర్తించెనని క్యాంబెల్ తన నివేదికలో మెచ్చుకొనెను. నోవా స్కోషియాకు చెందిన నీగ్రో నావికుడు విలియం హాల్, తోటివారు కూలినను ఫిరంగిని విడువక విక్టోరియా క్రాస్ పొందెను; అతని తలిదండ్రులు బానిసత్వము నుండి తప్పించుకొనిన వారు. ఇంత జరిగినను గోడ మాత్రము పగులలేదు. చీకటి పడునప్పటికి సిపాయిలు వెనుకదారిని తొలగిపోయిరి. ఫిరంగి కీవల నిలిచిన వారి ధైర్యమును వర్ణించిన ఆ నివేదికలలో గోడ కావల నిలిచిన వారి పేర్లు కానరావు. గుండ్లవాన క్రింద అంతసేపు నిలుచుటయు ధైర్యమే గదా!

1858 మార్చిలో లక్నోను తిరిగి పట్టుకొనుచుండగా పీల్ తొడకు గుండు తగిలెను. అతనిని తరలించుటకై నావికులు అయోధ్య నవాబు బండి నొకదానిని సిద్ధపరచిరి. ఆ బండి యజమాని వాజిద్ అలీ షా అప్పుడు కలకత్తా కోటలో బందీ. పీల్ ఆ బండి వలదని, సామాన్య నావికునివలె డోలీలోనే పోయెదననెను. ఆ డోలీలో అంతకుముందు మశూచి రోగి నొకని మోసియుందురని అతని సహచరులు తలచిరి. కాన్పూరులో మశూచి సోకి, ఏప్రిల్ 27న ముప్పదిమూడేండ్ల వయస్సున అతడు మరణించెను. కలకత్తా ఈడెన్ ఉద్యానములో నిలిపిన అతని పాలరాతి విగ్రహమును స్వాతంత్ర్యానంతరము అచ్చటినుండి తొలగించి బారక్‌పూరునకు చేర్చిరి.