భద్రాద్రి పాట – బాలమురళి విదేశీ ప్రస్థానం

ప్రత్యేక సంచికకు చరిత్ర వ్యాసం ఒకటి రాయమని కార్యదర్శిగారు అడిగినప్పుడు, రెవెన్యూలో చాకిరీ చేసినవాడిని కనుక, నాకు ముందుగా కంచర్ల గోపన్నగారే గుర్తుకొచ్చారు. ఊరు నేలకొండపల్లి. గోల్కొండ తానీషా కాలంలో పాల్వంచ పరగణా తహసీల్దారు. సర్కారు సొమ్ముతో భద్రాచలంలో గుడి కట్టించి చెరసాల పాలయ్యారు. (ఇప్పుడైతే ఆడిట్ అభ్యంతరం, సస్పెన్షన్, పెన్షన్ నిలుపుదల వరసగా వచ్చేవి!) ఆ రామదాసు కీర్తనలు మూడు వందల ఏళ్ల తర్వాత సముద్రాలు దాటాయంటే అందులో పెద్ద భాగం మంగళంపల్లి బాలమురళీకృష్ణగారి గొంతుదే.

బాలమురళి 1930 జూలై 6న తూర్పుగోదావరి జిల్లా శంకరగుప్తంలో పుట్టారు. భద్రాచలం కూడా 1959 దాకా ఆ జిల్లాలోదే కనుక ఆయన మనవాడేనని చెప్పుకోవడానికి నాకు మొహమాటం లేదు. తండ్రి పట్టాభిరామయ్యగారు వేణువు, తల్లి సూర్యకాంతమ్మగారు వీణ. తల్లి ఆయన పసిగుడ్డుగా ఉండగానే పోయింది. త్యాగరాజ శిష్యపరంపరకు చెందిన పారుపల్లి రామకృష్ణయ్య పంతులుగారి దగ్గర నేర్చుకుని, ఎనిమిదో ఏటనే విజయవాడలో కచేరీ చేశారు.

మాకు ఆయన పరిచయం రేడియో ద్వారానే. 1970ల చివర దుమ్ముగూడెం వైపు క్యాంపు పడితే చుట్టూ అడవి, రాత్రి లాంతరు, తెల్లవారుజామున చూరుకు వేలాడదీసిన ట్రాన్సిస్టర్‌లో విజయవాడ కేంద్రం భక్తిరంజని. రేడియోకు పోస్టాఫీసులో లైసెన్సు కట్టే రోజులవి. రాముడు పలకడం లేదని మొరపెట్టుకునే ఆ ఆనందభైరవి కీర్తన వస్తే మా బంట్రోతు పొయ్యి ఊదడం ఆపి నిలబడిపోయేవాడు. భజన గుంపుల్లో తాళాల మోత మధ్య అరిచి పాడే పాటను ఆయన నిదానించి, ఒంటరి మనిషి విన్నపంలా పాడారు. అదే ఆయన చేసిన గొప్ప పని అని నా అభిప్రాయం.

ఐరోపా ఒపెరాలో ఆడవారి గొంతులను సొప్రానో, మెజ్జో సొప్రానో, కాంట్రాల్టో అని విభజిస్తారు. మెజ్జో అంటే మధ్యస్థాయి. ఆ గాయని ఏ దేశం వెళ్లినా రాసిపెట్టిన స్వరలిపి ఉంటుంది, వెనుక పెద్ద వాద్యబృందం ఉంటుంది. మన విద్వాంసుడికి శ్రుతి, వయొలిన్, మృదంగం, మిగిలింది మనోధర్మం. బాలమురళి గొంతు మూడు స్థాయిల్లోనూ తడబడకుండా తిరిగేది. అమెరికా, కెనడా, బ్రిటన్, ఫ్రాన్సు, ఇటలీ, రష్యా, మలేషియా, సింగపూర్ అన్నీ తిరిగారు. నిజం చెప్పాలంటే ఆ సభల్లో చాలావాటిలో కూర్చున్నది వలస వెళ్లిన మనవాళ్లే. పరాయివాళ్లు కూడా చెవి ఒగ్గారనడానికి గుర్తులు వేరే ఉన్నాయి: బ్రిటన్‌లో ఒక బృందగాన సంఘం టాగూరు గీతాంజలి ఆధారంగా కూర్చిన సంగీతంలో ప్రధాన గాత్రానికి ఆయననే పిలిచింది. 2005లో ఫ్రాన్సు ప్రభుత్వం షెవాలియే బిరుదునిచ్చింది. మన పద్మవిభూషణ్ అంతకుముందే, 1991లో వచ్చింది.

ఇంట్లో తిట్లూ తప్పలేదు. మహతి, లవంగి వంటి నాలుగు స్వరాల రాగాలు కల్పించినందుకు పెద్ద విద్వాంసులే పత్రికలకెక్కి తగాదా పడ్డారు. ఆయన వెనక్కి తగ్గలేదు. 2016 నవంబరు 22న చెన్నైలో కన్నుమూశారు. అంతకు నెల ముందే మన భద్రాచలం కొత్త జిల్లాలోకి మారింది.

మా మనవరాలు అమెరికాలో పుట్టింది, తెలుగు చదవలేదు. శ్రీరామనవమికి వాళ్లింట్లో ఆ ఆనందభైరవి కీర్తనే పెడతారు. ఆయన ఎక్కడ ఆగితే అక్కడే ఆగి పాడుతుంది. మొన్న ఫోనులో అడిగింది: "తాతయ్యా, రామదాసు కూడా నీలాగే ఆఫీసులో పనిచేశాడా?"