ఆ ఎనిమిది నిమిషాలు

మన సినిమా చరిత్రల్లో హాళ్లుంటాయి, విజయవాడ గాంధీనగరం పంపిణీ ఆఫీసులుంటాయి, ఫిల్మ్ సొసైటీలుంటాయి. ఏలూరు, నూజివీడు, గుడివాడ, విజయవాడ రోడ్లు కలిసే హనుమాన్ జంక్షన్ లాంటి చోట ఆడవాళ్లు విదేశీ సినిమా ఎలా చూశారన్నది మాత్రం ఉండదు.

మా వైపు 'ఇంగ్లీషు సినిమా' అంటే చాలాకాలం మగవాళ్ల మార్నింగ్ షో. విజయవాడలో రాత్రిపూట మంచి సినిమా వేసినా, చూసి సుమారు 40 కిలోమీటర్లు ఒంటరిగా తిరిగి రావడం ఎంతమందికి సాధ్యం? 2000 తర్వాత డిస్కు ఆ దూరాన్ని చెరిపేసింది. వంటయ్యాక చూడొచ్చు. కుక్కర్ కూతపెడితే ఆపుకోవచ్చు.

అయితే ఇంటికొచ్చింది ఆ సినిమాయేనా? 1993లో రూపుదిద్దుకున్న వీసీడీలో పట్టేది 74 నిమిషాలే. బొమ్మ వెడల్పు 352 చుక్కలు, ఎత్తు 288. చీకటి గదిలో నిలబడ్డ మనిషి ముఖం గళ్లుగళ్లుగా విడిపోయేది. 8.5 గిగాబైట్ల డీవీడీని 4.7 గిగాబైట్ల ఖాళీ డిస్కులో కుక్కినప్పుడు దర్శకురాలి ఇంటర్వ్యూ పోయేది, ఒక్కోసారి సబ్‌టైటిళ్లూ పోయేవి. ఉంటే ఇంగ్లీషువే. అత్తాకోడళ్లు పక్కపక్కనే కూర్చున్నా, చదువుకున్నామె రెండో ఆమెకు చెబుతూ పోవాల్సిందే.

షాంతాల్ అకెర్మాన్ 1975లో తీసిన 'జాన్ దీల్మన్'నే తీసుకోండి. బ్రస్సెల్స్‌లో భర్త పోయిన ఒక స్త్రీ మూడు రోజుల జీవితం అది: వంట, గిన్నెలు, పక్కలు సర్దడం, కొడుకు, బతుకుతెరువు కోసం ఇంటికి రానిచ్చే మగవాళ్లు. నిడివి 201 నిమిషాలు. ఆమె బంగాళాదుంపల చెక్కు తీస్తుంటే కెమెరా కదలదు. వీసీడీలోకి ఎక్కిస్తే మూడు డిస్కులు కావాలి. పైగా సినిమా సెకనుకు 24 ఫ్రేములు, మన టీవీల పాల్ పద్ధతి 25. మామూలుగా చేసినట్టు ఆ వేగానికి సర్దితే సుమారు 8 నిమిషాలు తగ్గిపోతాయి. ఒక్క దృశ్యమూ తెగదు. ఆమె చేతులు మాత్రం కాస్త తొందరపడతాయి. ఇంటిపనికి పట్టే కాలమే ఆ సినిమాకు ప్రాణం. ఆ కాలాన్ని లెక్కలోంచి తీసేయడం మనకేమైనా కొత్తా?

2022లో 'సైట్ అండ్ సౌండ్' పత్రిక విమర్శకుల ఎంపికలో ఈ సినిమాకే మొదటి స్థానం దక్కింది. స్త్రీ తీసిన సినిమాకు ఆ స్థానం అదే తొలిసారి.

నకలు డిస్కు దొంగసరుకే, లోపాలపుట్టే. అయినా చాలామంది ఆడవాళ్లకు తొలి ఫిల్మ్ సొసైటీ అదే. హాలు టికెట్టుకు లెక్కుంది, సొసైటీకి సభ్యుల జాబితా ఉంది. నడింట్లో చూసిన సినిమాకు చూసినవాళ్ల జ్ఞాపకం తప్ప మరో ఆధారం లేదు. ఏ డిస్కు చూశారో, ఏది మధ్యలో ఆగిపోయిందో, ఎవరు ఎవరికి కథ చెప్పారో రాసిపెట్టండి. అదీ సినిమా చరిత్రే.