శంషాబాదు గాలి – సదిశల కూడిక

సంఖ్యలను కూడుట చిన్న తరగతిలోనే నేర్చుకొందుము. కాని దిక్కుతో కూడిన రాశులను, అనగా సదిశలను, సులువుగా కూడు పద్ధతి ఏర్పడుటకు కొన్ని శతాబ్దములు పట్టినది.

1586లో సైమన్ స్టెవిన్ ఏటవాలు తలములపై నిలిచిన బరువులను పరిశీలించి, బలముల సమతౌల్యమును త్రిభుజపు భుజములతో ముడిపెట్టెను. రెండు బలములు ఒక్కసారి పనిచేసినచో వస్తువు సమాంతర చతుర్భుజపు కర్ణము వెంట పోవునని 1687లో న్యూటన్ తన 'ప్రిన్సిపియా'లో చెప్పెను. నియమము సరియైనదే, కాని బలములు నాలుగైదు ఉన్నచో బొమ్మపై బొమ్మ గీయవలసి వచ్చును.

1742లో స్కాట్లండు గణితజ్ఞుడు మెక్లారిన్ వేరొక దారి చూపెను. ఒకదానికొకటి లంబముగా ఉండు స్థిరమైన అక్షములను ముందే ఎన్నుకొని, ప్రతి బలమును వాటి వెంట అంశములుగా విడదీయవలెను. అప్పుడు ఏ అక్షము లెక్క దానిదే. తూర్పు లెక్క ఉత్తరపు లెక్కలో కలియదు. మిగిలినది మామూలు కూడికయే. 1843లో హామిల్టన్ ఐ, జె, కె గుర్తులను ప్రవేశపెట్టెను. 1881లో గిబ్స్ యేల్ విద్యార్థుల కొరకు అచ్చువేయించిన చిన్న పుస్తకము నేటి సదిశా గణితమునకు రూపమిచ్చినది.

ఇంతకూ ఆ అక్షములను ఎట్లు ఎన్నుకొనవలెను? అది మన ఇష్టము. శంషాబాదులో మాత్రము పరుగుబాటయే వాటిని నిర్ణయించును. హైదరాబాదు ప్రయాణిక విమానముల రాకపోకలు 2008 మార్చిలో బేగంపేట నుండి ఇక్కడికి మారినవి. ఇక్కడి బాట తూర్పు పడమరలుగా ఉన్నది. తూర్పు దిక్సూచిలో 90 డిగ్రీలు, పడమర 270. చివరి సున్నను విడిచి బాట కొనలకు 09, 27 అని గుర్తులు వేసిరి.

వానకాలములో గాలి ఎక్కువగా పడమటి వైపు నుండి వీచును. విమానము గాలికి ఎదురుగా దిగుట మేలు. గాలిలో గంటకు 250 కిలోమీటర్ల వేగముతో విమానము పడమరగా వచ్చుచున్నదనుకొందము. పడమరకు 30 డిగ్రీలు దక్షిణముగా ఉన్న దిక్కు నుండి 40 కిలోమీటర్ల వేగముతో గాలి వీచుచున్నది. 250 నుండి 40 తీసివేసి 210 అనుట తప్పు. గాలి వేగములో తూర్పు అంశము 34.6, ఉత్తరపు అంశము 20. విమానము ముక్కును నేరుగా పడమరకు ఉంచినచో పడమటి వేగము 215.4, కాని ఉత్తరముగా 20 మిగిలిపోవును. అనగా పది సెకండ్లలో విమానము సుమారు 56 మీటర్లు ప్రక్కకు జరిగి, బాటను తప్పును!

అందుచేత చోదకుడు ముక్కును దక్షిణముగా సుమారు 4.6 డిగ్రీలు త్రిప్పును. ఇప్పుడు విమానపు అంశములు పడమరకు 249.2, దక్షిణమునకు 20. గాలి అంశములతో కూడగా ఉత్తర దక్షిణములు ఒకదానినొకటి కొట్టివేసికొనును; పడమరకు 214.6 మిగులును. విమానము బాట గీతపైననే వచ్చును.

ఉపాధ్యాయులు ఇవే అంకెలతో సమాంతర చతుర్భుజమును కూడ కొలతకు గీయించవచ్చును. కర్ణము పొడవు 214.6 వద్దనే తేలును. న్యూటను బొమ్మ, మెక్లారిన్ లెక్క చెప్పునది ఒక్కటే. రెండవది కాగితమునకు బదులు కూడికతోనే సరిపెట్టును.