జెడ్ 70 (వైద్య సంకేతం)

జెడ్ 70 అనేది ప్రపంచ ఆరోగ్య సంస్థ రూపొందించిన అంతర్జాతీయ వ్యాధుల వర్గీకరణ పదవ కూర్పు (ఐ.సి.డి-10) లోని ఒక సంకేతం. లైంగిక దృక్పథం, ప్రవర్తన, లైంగిక ధోరణులకు సంబంధించిన కౌన్సెలింగ్ కొరకు వచ్చినవారి వైద్య రికార్డులో దీనిని నమోదు చేస్తారు. ఇది వ్యాధి పేరు కాదు. 21వ అధ్యాయంలోని జెడ్ సంకేతాలు ఆరోగ్య స్థితిని ప్రభావితం చేసే అంశాలను, ఆరోగ్య సేవలను సంప్రదించడానికి గల కారణాలను తెలుపుతాయి.

ఉప విభాగాలు

* జెడ్ 70.0 - లైంగిక విషయాల పట్ల బిడియం, విముఖత వంటి దృక్పథాలు
* జెడ్ 70.1 - వచ్చిన వ్యక్తి లైంగిక ప్రవర్తన, ధోరణి
* జెడ్ 70.2 - సంతానం, జీవిత భాగస్వామి వంటి ఇతరుల ప్రవర్తన, ధోరణి
* జెడ్ 70.3 - పై అంశాలు కలసి ఉన్నవి
* జెడ్ 70.8 - ఇతర లైంగిక కౌన్సెలింగ్
* జెడ్ 70.9 - వివరం పేర్కొననిది

గర్భనిరోధం, సంతానోత్పత్తి గురించిన సలహాలు దీని క్రిందకు రావు. వాటికి జెడ్ 30, జెడ్ 31 సంకేతాలు ఉన్నాయి.

చరిత్ర

ఐ.సి.డి-9 లో స్వలింగ సంపర్కాన్ని 302.0 సంకేతంతో మానసిక రుగ్మతలలో చేర్చారు. 1990 మే 17న ప్రపంచ ఆరోగ్య సభ ఆమోదించిన ఐ.సి.డి-10 లో దానిని తొలగించారు. అయితే తన లైంగిక ధోరణి మారాలని కోరుకునే స్థితికి ఎఫ్ 66.1 అనే రుగ్మత సంకేతం మిగిలింది. అందువలన తన ధోరణి గురించి ఆందోళనతో వచ్చిన వ్యక్తికి జెడ్ 70.1 వ్రాస్తే సలహా కోరినట్లు, ఎఫ్ 66.1 వ్రాస్తే మానసిక రుగ్మత ఉన్నట్లు నమోదవుతుంది.

2022 జనవరి 1న అమలులోకి వచ్చిన ఐ.సి.డి-11 లో ఎఫ్ 66 వర్గం లేదు. కౌన్సెలింగ్ సంకేతం మాత్రం క్యూ.ఏ 15 గా కొనసాగుతున్నది.

భారతదేశంలో

మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం (2017) 3వ సెక్షను ప్రకారం మానసిక అనారోగ్యాన్ని ఐ.సి.డి తాజా కూర్పుతో సహా ఆమోదిత వైద్య ప్రమాణాలను అనుసరించి నిర్ధారించాలి. కావున ఈ వర్గీకరణలోని మార్పులకు చట్టపరమైన ప్రాధాన్యత కూడా ఉన్నది.